కోసిగి అనే ఆమె

ఆదోని దాటాక, మధ్యాహ్నపు ఎండకు రైలు కూడా కునుకుతున్నట్టు నెమ్మదిగా సాగింది. ఎదురు సీట్లో ఒకామె ఫోన్లో స్పెయిన్ సీరియల్ చూస్తోంది. ఎర్ర బట్టలు, మాస్కులు వేసుకున్న దొంగలు తెలుగులో మాట్లాడుకుంటున్నారు. సొంత దేశంలో చప్పబడిపోయిన ఆ కథ ఓటీటీకెక్కి ప్రపంచమంతా ఎలా పాకిందో నాకెప్పుడూ వింతే. నేనైతే మూడో ఎపిసోడ్‌కే వదిలేశాను.

"దొంగలంతా ఊళ్ల పేర్లతో పిలుచుకుంటారు కదమ్మా, తికమకగా లేదా?" అని అడిగాను.

ఆమె నన్ను జాలిగా చూసింది. "దాంట్లో ఏముండాదన్నా? బెంగళూరులో బిల్డింగు పనికాడ మమ్మల్నీ అట్లే పిలుస్తారు. అంతమంది పేర్లు మేస్త్రీకి యాడ గుర్తుంటాయి? రాయచోటీ, ఇటుకలు అందుకో, కోసిగీ, సిమెంటు కలుపు అంటాడు. ఆరు నెలల్నుంచి నేను కోసిగినే. నీదే ఊరు?"

"విజయనగరం."

"చూడు విజయనగరం, ఈ పిల్ల శానా తెలివైంది" అంటూ ఫోను నా వైపు తిప్పింది.

కిటికీ బయట నల్లరేగడి చేలు ఎండమావుల్లో తేలిపోతున్నాయి. ఆ ముఠాలో నన్నూ కలుపుకున్నట్టే అనిపించింది. నా అసలు పేరు చెప్పబుద్ధి కాలేదు. ఆమె పేరు అడగాలనీ తోచలేదు.

కోసిగి స్టేషను వచ్చింది. ఆమె మూట నెత్తికెత్తుకుని దిగింది. ప్లాట్‌ఫారం మీద ఒక పెద్దామె "ఉసేనమ్మా!" అని కేకేసింది. మా కోసిగి నడుస్తూనే ఉంది.

"ఉసేనమ్మా, ఈడ!"

అప్పుడు ఆగి, ఎవరిని పిలుస్తున్నారో అన్నట్టు చుట్టూ చూసింది.