గోడ మీద గ్లికేరియా

మా వీధి గుడి వాకిట్లో, లోపలికి పోయే దారికి కుడివైపు గోడ మీద ఒక బొమ్మ ఉంది. ఉన్ని ఏకేవాళ్లు, వడికేవాళ్లు, మగ్గం ముందు నిలబడ్డవాళ్లు, అందరూ ఆడవాళ్లే. ఆ చివర ఒకతి వీపు వంచి కూర్చుని ఉంటుంది, ఆమె మీద కొరడా ఎత్తి ఉంటుంది. బట్ట పాడుచేసినదానికి అదీ శిక్ష అని మా కాన్‌స్టాంటినోపుల్ నేతగత్తెలందరికీ తెలియడానికి. మిగతా మొహాలు ఎవరివీ కావు. ఆ చివరి మొహం మాత్రం ఎప్పుడూ మాలో ఒకరిదే. మళ్లీ ఎవరైనా అంతకంటే పెద్ద తప్పు చేస్తే చిత్రకారుడు వచ్చి పాతదాన్ని గీకి కొత్తది పెడతాడు. నేను చెప్పబోయే గ్లికేరియా కోడలిగా వచ్చిన ఏడాదే ఆ గోడ ఎక్కింది.

గోడ ఎక్కడం ఒక్కటే అయితే పోనీ అనుకోవచ్చు. మే నెలలో అగాతే పండగనాడు, అది మా నేతగత్తెల పండగ, మేమంతా వీధిలో పాడుతూ గొలుసుకట్టి ఆడతాం. ఏడాది పొడుగునా తల మీద ముసుగు, చేతిలో కదురు, గుడికెళ్తే మేడ మీద చాటున నిలబడటం. ఆ ఒక్కరోజే ముసుగులు తీసి పక్కన పెడతాం, మగవాళ్లు అరుగుల మీద నిలబడి నోళ్లు వెళ్లబెట్టి చూస్తారు. గోడ మీద ఉన్నది మాత్రం ఆడకూడదు. అందరి ముసుగులూ చేతుల మీద వేసుకుని గుడి మెట్ల దగ్గర నిలబడాలి. నాకు పుట్టుకతోనే కాలు అవిటి. అందువల్ల పండగ పండగకీ ఆ మెట్ల మీద గ్లికేరియా పక్కన కూర్చున్నది నేనే. దాని కాళ్లు రాతి మీద ఊరికే ఉండేవి కావు, మడమలు కొట్టుకుంటూనే ఉండేవి.

అసలు ఆ బట్ట పాడుచేసింది గ్లికేరియా కాదు. దాని అత్త థొమాయిస్.

థొమాయిస్ మా ఆటకు పెద్ద. పాట ఎత్తుకునేది ఆమె, మగ్గానికి పడుగు, అంటే నిలువు దారాలు, కట్టేది కూడా ఆమే. ఆ ఏడు ఒక మఠంవాళ్లకు తలుపు తెర నేస్తున్నాం. పడుగు కట్టేటప్పుడు ఆమె చెయ్యి బుట్టల మీద తడుముకోవడం నేను చూశాను. గట్టిగా వడికిన దారం ఒక బుట్టలో, వదులుగా వడికినది ఇంకో బుట్టలో. ఆమె రెండూ కలిపేసింది. నేసినన్నాళ్లూ ఏమీ తెలియలేదు. ఉతికి ఆరేశాక తెర అంతా ముడతలు పడి, ముసలిదాని బుగ్గలా తయారైంది.

మా నేతశాల పెద్ద మారూ నడుం మీద చేతులు పెట్టుకుని నిలబడింది. "పడుగు కట్టింది ఎవత్తే?"

థొమాయిస్ పెదవి కదిలింది. మాట రాలేదు. కళ్లు పోతున్నాయని తెలిస్తే శాలలో చోటుండదు. విధవ, కొడుకేమో రేవులో చేపల బుట్టలు మోసేవాడు. నేను నోరు తెరవబోయాను. గ్లికేరియా నా చెయ్యి రక్తం వచ్చేటట్టు గిల్లింది.

"నేనే పిన్నీ. అత్త ఒంట్లో బాగోలేదంటే నేను కట్టా," అంది.

అంతే. చిత్రకారుడు వచ్చాడు. దాని గుండ్రటి మొహం, ఎడమ కనుబొమ్మ మీద పుట్టుమచ్చ, ఏదీ వదలకుండా గీశాడు పాపిష్టివాడు. దాని మొగుడు స్టావ్రాకి మంచివాడే. "చక్రవర్తిగారి పెళ్లానికి కూడా మా వీధి గోడ మీద చోటు దొరకలేదు, మా ఆవిడకి దొరికింది," అని రేవంతా చెప్పుకు తిరిగి నవ్వాడు. ఆ నవ్వుతో దానికి సగం బరువు తగ్గిందని నేననుకుంటాను. మిగతా సగం అదే మోసింది.

ఆనాటి నుంచి గ్లికేరియా అత్త పక్కనే పీట వేసుకుంది. దారం చుట్టలు ఏరి అత్త చేతికి అందించేది. గట్టిగా వడికినదైతే చేతికి రెండుసార్లు తట్టేది, వదులుగా వడికినదైతే ఒకసారి. ఇద్దరూ ఆ సంగతి మాట్లాడుకోగా నేనెప్పుడూ వినలేదు. ఆ ముసలిదంటే నాకు ఒళ్లు మండేది. పండగ వస్తే ముందు నిలబడి పాట ఎత్తుకుంటుంది, ఇదేమో ముసుగులు మోస్తుంది! ఒకసారి అడిగేశాను కూడా.

"మీ అత్త నోట్లో ఏమైనా ముల్లుందా, నిజం చెప్పదు?"

"ఉంటే ఉండనీ. తీస్తే గుచ్చుకునేది ఎవరికి, మాకేగా," అని నవ్వేసింది.

దాని పిచ్చితనం ఇంకొకటి చెప్పాలి. శాలలో ఏ పిల్ల తప్పు చేసినా మారూ కంటపడకముందే అది పోయి సరిచేసేది. తెగిన పోగు ముడివేసేది, వంకర అంచు విప్పి మళ్లీ నేసేది. అందరి తప్పులూ అదే కప్పేస్తుంటే గోడ మీద దాని మొహం చెరిపేవాళ్లెవరు? అలా ఏళ్లు గడిచాయి. దానికి జుట్టు నెరిసింది, గోడ మీద మాత్రం పడుచుగానే వీపు వంచి కూర్చుంది. థొమాయిస్‌కి కళ్లు పూర్తిగా పోయాయి. అయినా ఒకరి భుజం పట్టుకుని పాట ఎత్తుకునేది. ముసలితనం కదా, కళ్లు లేకున్నా కదురు తిప్పుతుంది కదా అని మారూ కూడా ఉండనిచ్చింది.

తరవాత కోస్మియా అనే పిల్ల పనిలో చేరింది. పండగ దగ్గర పడుతుండగా, పెద్దింటి వాళ్ల దుప్పటి మీద ఉన్ని ఏకే దువ్వెన పడేసి అడ్డంగా చీల్చింది. ఈసారి మారూ కళ్లెదుటే.

"చిత్రకారుణ్ణి పిలవండే!" అంది మారూ. ఆడవాళ్లు గ్లికేరియా చుట్టూ మూగారు. "నీ పంట పండిందే! ఈ ఏడు ఆడతావు!" ఒకతి దాని నడుం పట్టుకుని గిర్రున తిప్పింది. దాని మొహం వెలిగింది. చూశాను నేను, అబద్ధమెందుకు. వెలిగి, మూల కూర్చుని వెక్కుతున్న పిల్ల వైపు తిరిగింది.

"ఏదీ, ఆ దుప్పటి ఇటివ్వండి. కుట్టు కనపడకుండా కలపొచ్చు," అంది.

నాకు తిక్క రేగింది. "నీకు బుద్ధుందా? ఇంకెప్పుడాడతావు, పాడె మీదా?"

"దానికి పదహారేళ్లే. ఎగరాల్సిన వయసు. నేనిప్పుడెగిరితే మోకాళ్లు మిగలవు."

"మోకాళ్ల సంగతి నాకు చెప్పకు," అన్నాను. అది పోగు మీద పోగు కలుపుతూనే ఉంది. పక్కన పీట మీద థొమాయిస్ ఉంది. ఆమె చేతిలో కదురు ఆగిపోయింది.

పండగ రోజు మారూ దుప్పటిని వెలుగులో పెట్టి అటూ ఇటూ తిప్పి చూసి, చిత్రకారుడు అక్కర్లేదని మడత పెట్టింది. కోస్మియా గొలుసులో చేరింది. గ్లికేరియా మెట్ల దగ్గర చేతులు చాపి నిలబడింది. ఒక్కొక్కరూ వచ్చి ముసుగు తీసి వేశారు. థొమాయిస్ పాట ఎత్తుకుంది. గొలుసు కదిలి మెట్ల ముందుకు రాగానే పాట ఆపేసింది.

"ఏమైంది పెద్దమ్మా?" అంది మారూ.

"గ్లికేరియా ఏదే?"

"ఇక్కడే ఉన్నా అత్తా."

"ఆ ముసుగులు ఇటియ్యి."

"ఎందుకత్తా..."

"ఇయ్యవే! ఆ తెర పాడుచేసింది నేను. పడుగు కట్టింది నేను. అప్పుడే నా కళ్లు సరిగ్గా లేవు. ఇది నా కోసం అబద్ధమాడింది, నేను దాని అబద్ధం తిని బతికాను. వినపడిందా అందరికీ? మారూ, నీకూ వినపడిందా?"

అరుగు మీద స్టావ్రాకి టోపీ తీసి చేత్తో పట్టుకున్నాడు. మారూ వచ్చి గ్లికేరియా చేతుల మీది ముసుగులు ఎత్తి థొమాయిస్ చేతుల మీద వేసింది.

"నాకు అడుగులు రావత్తా," అంది గ్లికేరియా.

"అబద్ధాలు చాలు. రోజూ రొట్టె పిండి పిసుకుతూ వేస్తావు. నావి పోయినవి కళ్లే, చెవులు కాదు. పో!"

కోస్మియా వచ్చి దాని తల మీది ముసుగు తీసి అత్త చేతుల మీది కుప్పలో వేసి, చెయ్యి పట్టి లాక్కుపోయింది.

థొమాయిస్ తడుముకుంటూ వచ్చి మెట్ల మీద నా పక్కన కూర్చుంది. నేను జరగలేదు. ఇన్నేళ్ల కోపం ఒక్కసారిగా ఎక్కడికి పోతుంది?

"ఎట్లా ఆడుతోందే?" అంది.

"ఘోరంగా. అందరికంటే ఒక అడుగు వెనకుంది. నవ్వుతోంది, ఏడుస్తోంది, కాలు తొక్కించుకుంటోంది."

ఆమె తల ఊపింది. ఒళ్లోని ముసుగులను ఒక్కొక్కటే వేళ్లతో నలిపి చూస్తూ పక్కన పెట్టసాగింది. చాలాసేపు వెతికి, ఒకదాని దగ్గర ఆగి రెండు చేతులతో గుండెకు అదుముకుంది.

"ఇది దానిది," అంది.

వంగి చూశాను. ఈసారి ఆమె వేళ్లు పొరపడలేదు.