జపాన్ నటికి గార్లదిన్నె గొంతు

మా ఇంగ్లీషు టీచరమ్మ మంగళవారం ఉదయం అనంతపురంలో కన్నుమూశారు. కబురు తెచ్చిన బస్సు కండక్టరు ఆమె పేరు చెప్పలేదు. "జపానమ్మ పోయిందన్నా" అన్నాడు. గార్లదిన్నెలో ఆ మాట చాలు.

ఆమె జపాన్ ఎన్నడూ చూడలేదు. బళ్లో మాకు ఇంగ్లీషు చెప్పారు. నా వ్యాసాల్లో "మహా", "అత్యంత" కనిపిస్తే ఎర్రసిరాతో కొట్టేసేవారు. "చూసింది రాయి. ఏడ్చే సంగతి చదివేవాడు చూసుకుంటాడు" అనేవారు. విలేకరినయ్యాక కూడా ఆ మాట మీదే నడుస్తున్నాను.

పదేళ్ల కిందట మా ఊరి టెంటు సినిమా యజమాని బెంగళూరు నుంచి ఒక జపాన్ చిత్రం తెచ్చాడు. పాటల్లేవు. అడుగున ఇంగ్లీషు అక్షరాలు. తెర పక్కన నిలబడి వాటిని తెలుగులో చెప్తానని టీచరమ్మ ముందుకొచ్చారు. అందులోని నాయిక గురించి ఆమె ఏదో పత్రికలో చదివారు. పెద్ద స్టూడియోలు వదిలేసి, సొంతంగా వీధుల్లో, పొలాల్లో సినిమాలు తీసేవాళ్లతో పనిచేసే మనిషట. "దుమ్ములో నడిచే నటి. మనవాళ్లు చూడాల్సిందే" అన్నారు నాతో.

యజమాని తన మాట చెప్పాడు: "జనం లేచి పోయినారంటే రేపే ఫిల్ము పెట్టె వాపసు పంపిస్తా టీచరమ్మా. మళ్లా ఇట్లాంటివి తేను."

మొదటి ఆటకు టెంటు నిండింది. రీలు డబ్బాల మీద జపాన్ అంకెలు. మూడు దాకా అంకెకు అన్నేసి అడ్డగీతలే కాబట్టి ఆపరేటరు సరిగ్గానే ఎక్కించాడు. ఆఖరివైన నాలుగు, ఐదు మాత్రం తారుమారు చేశాడు. నాయిక జ్వరంతో చనిపోయింది. టెంటులో ముక్కులు చీదారు. తర్వాతి రీల్లో ఆమె కావడితో నీళ్లు మోస్తూ గుట్ట ఎక్కుతోంది.

"ఏమప్పా! సచ్చినామె నీళ్లు మోస్తాండాదే!" అని జనంలోంచి ఒకడు అరిచాడు.

పదిమంది లేచి తువ్వాళ్లు దులిపారు. నా పక్కన యజమాని తల పట్టుకున్నాడు.

టీచరమ్మ ఇంగ్లీషు అక్షరాల వైపు చూడలేదు. నాయిక గొంతుతో కేకేశారు: "నేను సచ్చినానని ఇంట్లో దప్పిక ఆగుతాదా? నీళ్లు మీరు తెస్తారా? కూచోండప్పా!"

ముందు ఆడవాళ్ల వైపు నుంచి నవ్వు లేచింది. తర్వాత టెంటంతా నవ్వింది. లేచినవాళ్లు కూర్చున్నారు.

పెట్టె వెనక్కి పోలేదు. తర్వాతి ఏళ్లలో ఆ నటివే ఇంకో మూడు సినిమాలు వచ్చాయి. చేపలమ్మే తల్లిగా, సమ్మెకు దిగిన మిల్లు కూలీగా, మతిమరుపు అవ్వగా. అన్నింటికీ గొంతు టీచరమ్మదే.

ఆ మొదటి ఆట మర్నాటి సంగతి కూడా చెప్పాలి. టీచరమ్మ ముందుగానే ఒప్పుకున్నారు: "నిన్న రీళ్లు తప్పినాయి. అసలు కథలో ఆమె ఆఖర్న చచ్చిపోతుంది."

"అట్లయితే మాకొద్దు తల్లీ. నిన్నటి మాదిరే ఎయ్యమను" అంది రెండోసారి వచ్చిన ఒక ముసలామె.

"తీసినోళ్లు ఒప్పుకోరవ్వా."

"వాళ్లేమన్నా ఈడికొస్తారా? ఆయమ్మను బతకనీ."

టీచరమ్మ నిన్నటిలాగే వెయ్యమని ఆపరేటరుకు చెయ్యి ఊపారు.

తెర మీద నాయిక గుట్ట ఎక్కి, కావడి దించి, దోసిలితో నీళ్లు తాగింది. బొమ్మ అయిపోయి తెర తెల్లబడింది. ఎవరూ లేవలేదు. ఆ తెల్లటి వెలుగులో టీచరమ్మ పైటకొంగుతో మూతి తుడుచుకుంటున్నారు, ఆ నీళ్లు తానే తాగినట్టు.