నొక్కని గడియారం

నా పేరు ముందు రెండు ఇంగ్లీషు అక్షరాలు ఉంటాయి. ఇంటర్నేషనల్ మాస్టర్ అని వాటి అర్థం. చదరంగంలో గ్రాండ్‌మాస్టర్‌కు ఒక మెట్టు కింద. బెంగళూరు ఎలక్ట్రానిక్ సిటీలో నేను పాఠాలు చెప్పే చోట బోర్డు మీద నా పేరు కన్నా ఆ అక్షరాలే పెద్దవి. వాటిని మోస్తూ పదేళ్లు దాటింది. మోయడం అనే అంటున్నాను.

మీరెవరో నాకు తెలియదు. అందుకే మీకు చెబుతున్నాను. తెలిసిన మనిషి ముఖం చూస్తూ చెప్పే దమ్ముంటే ఇది రాసే పనే ఉండేది కాదు.

ముందే ఒక మాట. నేను చేసినదానికి నియమాల పుస్తకంలో శిక్ష లేదు. అది తప్పు కిందికే రాదు. ఈ సంగతి నాకు నేను ఎన్నిసార్లు నచ్చజెప్పుకున్నానో లెక్కలేదు. మరి తప్పు కానిదాన్ని ఇన్నేళ్లు ఎందుకు దాచావురా అని అడిగేదీ నేనే.

మునిరాజన్నది అదే ఊళ్లో పాత బజారు, చిక్కపేట. తాతల కాలం నుంచి చీరల దుకాణం. నేను ఉద్యోగానికని వచ్చి హెబ్బగోడిలో ఒక గది అద్దెకు తీసుకుని ఉంటున్న రోజుల్లో ఒక టోర్నమెంటులో నన్ను చిత్తుగా ఓడించాడు. ఓడించినవాడు తన దారిన తాను పోవాలి కదా. పోలేదు. ఆదివారం అంగడికి రా, ఎక్కడ తప్పినావో చూపిస్తా అన్నాడు. వెళ్లాను. ఆ తర్వాత వెళ్లని ఆదివారం లేదు. షట్టరు సగం దించి, చీరల మూటల మధ్య బోర్డు పరిచి ఆడేవాళ్లం. నా ఆటలో పనికొచ్చేది ఏదైనా ఉంటే అది ఆ మూటల మధ్య నేర్చుకున్నదే.

చదరంగంలో ఎత్తు వేశాక మన గడియారం మనమే నొక్కాలి. నొక్కితేనే మన సమయం ఆగి అవతలివాడిది మొదలవుతుంది. నొక్కడం మరిచిపోతే ఎత్తు వేసినా మన సమయమే కరిగిపోతూ ఉంటుంది. ఆటను పర్యవేక్షించే ఆర్బిటర్ చూసినా చెప్పకూడదు. పక్కవాళ్లు చెప్పకూడదు. చెప్పదలిస్తే చెప్పగలిగింది ఎదుట కూర్చున్నవాడు ఒక్కడే. నేను మరిచిపోయినప్పుడల్లా మునిరాజన్న గడ్డం ఎత్తి గడియారం వైపు చూపేవాడు. దుకాణంలోనే కాదు, ఒకసారి అసలు టోర్నమెంటులోనూ చూపాడు. ఆ ఆట నేనే గెలిచాను. ఆయన మళ్లీ ఆ మాట ఎత్తలేదు.

ఇక ఆ రోజు. బెంగళూరులోనే ఒక అంతర్జాతీయ టోర్నమెంటు, ఆఖరి రౌండు. మాస్టర్ బిరుదు రావాలంటే అంత స్థాయి ఆట మూడు టోర్నమెంట్లలో ఆడి చూపించాలి. ఒక్కోదాన్ని నార్మ్ అంటారు. మా ఇద్దరికీ రెండేసి ఉన్నాయి, మూడోది మిగిలింది. ఆయనకు డ్రా చాలు. నేను గెలవాలి. జత పడింది మా ఇద్దరికే. ముందురోజు సాయంత్రం ఆయనే నవ్వుతూ, "రేపు ఆడేదే అప్పా, ముందే మాట్లాడుకునేది ఏమీ లేదు" అన్నాడు. ఆయనకు నలభై దగ్గర పడుతోంది. దుకాణం వదిలి రోజుల తరబడి ఆడటం ఇదే ఆఖరుసారి అని ఇంట్లో మాట ఇచ్చి వచ్చాడు. ఆ సంగతి నాకు తెలుసు.

నాలుగు గంటలు ఆడాం. చివరికి ఇద్దరికీ చెరో ఏనుగు, కొన్ని బంట్లు మిగిలాయి. సరిగ్గా ఆడితే డ్రా అయ్యే ఆట. ఆయన ఒక చక్కని ఎత్తు వేశాడు. దాన్ని కాగితం మీద రాసుకున్నాడు. లేచాడు. మొదటి బోర్డు దగ్గర ఒక గ్రాండ్‌మాస్టర్ ఆట చిక్కుముడి పడి ఉంటే చూడటానికి వెళ్లాడు.

గడియారం నొక్కలేదు.

నేను చూశాను. ఆయన కుర్చీ వెనక్కి జరిపిన క్షణంలోనే చూశాను. "అన్నా" అంటే వినపడేంత దూరంలో ఉన్నాడు. గొంతు దాకా వచ్చింది కూడా. వచ్చిందా? ఇప్పుడు రాస్తుంటే అదీ నమ్మబుద్ధి కావడం లేదు. నా మీద నాకే జాలి కలగడానికి తర్వాత అల్లుకున్న మాటేమో.

మాట్లాడకుండా ఊరుకున్నాను అంతే అని ఎన్నో ఏళ్లు సర్దిచెప్పుకున్నాను. అది అబద్ధం. ఆయన కాఫీ గ్లాసు చేత్తో పట్టుకుని అక్కడి నుంచే నా వైపు ఒకసారి చూశాడు. అప్పుడు నేను రెండు చేతులతో తల పట్టుకున్నాను. కనుబొమలు ముడిచాను. నేను ఆలోచనలో మునిగిపోయానని, నడుస్తున్నది నా సమయమేనని ఆయన నమ్మాలని. నా జవాబు ఎత్తు అప్పటికే నాకు తెలుసు. ఆలోచించాల్సింది ఏమీ లేదు. తల పట్టుకుని, వేళ్ల సందుల్లోంచి ఆయన సమయం తరిగిపోవడం చూస్తూ కూర్చున్నాను. ఆయన నవ్వి, మళ్లీ ఆ గ్రాండ్‌మాస్టర్ బోర్డు వైపు తిరిగాడు. నోరు మూసుకోవడం వేరు, నాటకమాడటం వేరు. నేను ఆడింది నాటకం.

తిరిగి వచ్చేసరికి ఆయనకు నిమిషం మిగిలింది. గడియారం చూశాడు. నన్ను చూడలేదు. టక్కున నొక్కాడు. ఆ తొందరలో నాలుగైదు ఎత్తులు సరిగ్గానే వేశాడు, తర్వాత ఏనుగులు మార్చుకున్నాడు. అది మార్చుకోకూడని చోటని ఆదివారాలు కూర్చోబెట్టి నాకు నేర్పిందే ఆయన. బంట్ల ఆట నాదైపోయింది. ఓటమి ఒప్పుకుని చెయ్యి చాచాడు. ఆ చెయ్యి చల్లగా ఉంది.

బయట మెట్ల మీద కూర్చున్నాం.

"నాదే తప్పప్పా. చిన్నప్పట్నించి ఆడతా ఉండా, గడియారం నొక్కేది మర్చిపోయినా చూడు" అన్నాడు.

"నేనూ చూడలేదన్నా."

ఆయన అడగలేదు. గుమ్మడికాయల దొంగ ఎవరని ఎవరూ అననే లేదు, నేనే భుజాలు తడుముకున్నాను.

"నువ్వు చూసింటే చెప్పకుండా ఉంటావా? నాకు తెలీదా ఏమి! లెయ్యి, కాఫీ తాగుదాం. మాస్టరైపోతివి, నువ్వే ఇప్పించల్ల."

ఇప్పించాను. తాగాడు. మళ్లీ పెద్ద టోర్నమెంటు ఆడలేదు.

నేను ఆడాను. ఆ అక్షరాల పుణ్యమా అని దేశాలు తిరిగాను. బిరుదు ఉన్నవాళ్లకు గది ఉచితం, మర్యాద ఉచితం. ఒక్క అలవాటు మాత్రం అంటుకుంది. ఎదుటివాడు గడియారం నొక్కడం మరిచిపోతే కుర్చీలోంచి ఎగిరిపడి మరీ చెబుతాను. దానికి నాకు పెద్దమనిషి అని పేరొచ్చింది. ఒక చోట క్రీడా మర్యాదకు అని చిన్న కప్పు కూడా చేతిలో పెట్టారు. ఇంటికి తెచ్చి అటక మీద వెనక్కి తోసేశాను.

మునిరాజన్న నన్ను మరవలేదు. అదే నాకు శిక్ష. దుకాణానికి వెళితే చాలు, కొనేవాళ్లందరికీ ఆ కథ చెబుతాడు. తన మీద తానే వేసుకునే జోకులా చెబుతాడు. మొన్న మా చెల్లెలికి చీర తీసుకుందామని వెళ్లినప్పుడూ అంతే. ఎదురుగా ఒక పెద్దావిడ పట్టుచీరలు చూస్తోంది.

"ఈయన ఎవరనుకుంటిరి? ఇంటర్నేషనల్ మాస్టరు. నా వల్లనే అయినాడు! ఈయన పాపం తల పట్టుకోని యోచన చేస్తా ఉండాడు, నేను రాజా మాదిరి కాఫీ తాగతా ఉండా. చూస్తే ఏముంది, నా గడియారమే నడస్తా ఉండాది!"

ఎప్పటిలాగే అక్కడ ఆపి, నా వైపు చూసి నవ్వాడు. ఆమె నవ్వింది. తేలు కుట్టిన దొంగలా నేనూ నవ్వాను.

అంతలో ఆమె నా వైపు తిరిగింది. "అవునా? మీరైనా చూడలేదా అప్పా?"

ఇన్నేళ్లలో ఆ ప్రశ్న నన్ను అడిగింది ఆమె ఒక్కతే. చీర మడత పెడుతున్న మునిరాజన్న చేతులు ఆగాయి. ఆగాయనే నాకు అనిపించింది. నా వైపు చూశాడు. ఒక్క మాట చాలు. నోరు తెరిచాను.

"చూసింటే చెప్పేవాడే అమ్మా. మావాడు అట్లాంటోడు కాదు" అని ఆయనే అన్నాడు. మళ్లీ మడత పెట్టసాగాడు.

నన్ను కాపాడాడా? నేను చూసీ చెప్పలేదని ఎన్నో ఏళ్ల కిందటే తెలిసి, నాకు సిగ్గు కలగకుండా దాటించాడా? లేక నిజంగానే నమ్ముతున్నాడా? ఏది అయితే నాకు మేలు? రెండూ భరించేలా లేవు. నమ్ముతుంటే ఆ నమ్మకాన్ని దొంగిలించి బతుకుతున్నాను. తెలిసే ఉంటే, ఇన్నేళ్లూ ఆ కథ గడియారం మాట దగ్గర ఆపి ఆపి చెప్పింది నేను నోరు తెరుస్తానేమోననే. ఆపిన ప్రతిసారీ నేను నవ్వాను.

క్షమించమని మిమ్మల్ని అడగను. క్షమించడం మీ చేతుల్లో లేదు. ఈ కాగితం తీసుకుని చిక్కపేట వెళతానని మాట ఇవ్వడానికీ నాకు నా మీద నమ్మకం చాలడం లేదు. కానీ ఆమె అడిగినదానికి జవాబు బాకీ ఉంది. నా బదులు ఆయన చెప్పాడు, అది తప్పు జవాబు. సరైనది ఇంతవరకు ఎక్కడా, ఎవరి దగ్గరా, ఒంటరిగా ఉన్నప్పుడు కూడా పైకి అనలేదు. ఇప్పుడు రాస్తూ నెమ్మదిగా పైకి అంటున్నాను.

చూశానన్నా.