ఫోటో కింద రెండో వాక్యం

ముందే చెప్పేస్తున్నాను: నేను చెప్పేదాంట్లో సగం తీసేసి చదవండి. ఈగ వాలితే హెలికాప్టర్ దిగిందని చెప్పే రకం నేను. ఆ రోజుల్లో ఈ జబ్బు ఇంకా ముదిరి ఉండేది. పాతికేళ్ళ వయసు, కువైత్‌లోని ముబారక్ అల్ కబీర్‌లో ఒక పెద్దింట్లో డ్రైవరు ఉద్యోగం, జేబులో కొత్త ఇఖామా, అంటే అక్కడ ఉండనిచ్చే కార్డు. నా బండి ముందు చక్రాలు సిగ్నల్ దాటినా వెనక చక్రాలు ఇంకా గేటులోనే ఉంటాయని ఇంటికి ఫోన్ చేసి చెప్పేవాణ్ణి. (మా అమ్మ నమ్మి, వెనక చక్రాలు జాగ్రత్త నాయనా అనేది.)

ఆ ఇంట్లో వంటకు రాయచోటి వైపు నుంచి వచ్చిన ఒకామె ఉండేది. నన్ను అన్నా అనేది, నేను చెల్లెమ్మా అనేవాణ్ణి. ఇంటి యజమానురాలిని అక్కడి పద్ధతిలో ఇద్దరమూ మామా, అంటే అమ్మగారూ అనేవాళ్ళం. మామా కూతురికి టెన్నిస్ నేర్పడానికి ఒక ఈజిప్టు మాస్టారు వచ్చేవాడు. కార్ల షెడ్డు పక్కన వల కట్టారు. ఆ పిల్లకు ఆట మీద కంటే గోళ్ళ రంగు మీద శ్రద్ధ ఎక్కువ. బంతులు ఏరడం చెల్లెమ్మ పని. ఒకరోజు పిల్ల అలిగి లోపలికి పోతే, మాస్టారు ఊరికే ఒక బంతి చెల్లెమ్మ వైపు వేసి "యల్లా", కానివ్వు అన్నాడు. ఆమె కింద పడున్న బ్యాటు తీసి కొట్టింది. ఏళ్ళ తరబడి కట్టెతో చింతకాయలు కొట్టిన చెయ్యి అది. బంతి మాస్టారి చెవి పక్కనుంచి దూసుకుపోయి, సౌదీ సరిహద్దులో ఒంటె మూపురానికి తగిలి తిరిగొచ్చింది. (సరే, తగిలింది గోడకే. కానీ మాస్టారి టోపీ ఎగిరిన మాట నిజం.)

అప్పటినుంచి పిల్ల అలిగినప్పుడల్లా చెల్లెమ్మే ఆడేది. కానీ సిగ్గు. "నైటీ ఏసుకోని ఎగరతాంటే ఎవురన్నా సూచ్చే నవ్వరాన్నా?" అనేది. వంటింటి దారిలో గోడకు ఒక పాత ఫోటో ఉండేది. మాస్టారు బహుమతిగా ఇస్తే పిల్ల తన గదిలో వద్దంది. నూరేళ్ళ కిందటి దొరసాని, పాదాల దాకా గౌను, తల మీద టోపీ, చేతిలో బ్యాటు. కింద ఇంగ్లీషులో రెండే వాక్యాలు. మొదటిది చదివి చెప్పాను: తన కాలంలో ఈమెను ఓడించినవాళ్ళు లేరు. అక్కణ్ణుంచి నా సొంతం మొదలైంది. "చూడు, ఈ గౌను నీ నైటీ కంటే మూడు మూరలు ఎక్కువ. పొద్దున పది ఆవుల పాలు పితికి, ముప్పైమందికి వండిపెట్టి, ఆ తర్వాత వెళ్ళి ఆడి గెలిచేది." చెల్లెమ్మ ఫోటోను చాలాసేపు చూసింది. "పాపం, ఆయమ్మక్కూడా కాళ్ళకు అడ్డం పడతాన్నట్టుందే!" అంది. మర్నాటినుంచి సిగ్గు పోయింది.

నెల తిరక్కముందే మాస్టారు మామాని అడిగాడు: తన దగ్గర నేర్చుకునే ఆడపిల్లలకు ఎదురు ఆడటానికి ఈమెను శుక్రవారం రెండు గంటలు పంపగలరా అని. రెండేళ్ళలో చెల్లెమ్మ చూసిన కువైత్ అంతా విమానాశ్రయం నుంచి మా గేటు దాకానే. ఆ రెండు గంటలు ఆమెకు ఎంతంటే (ఇక్కడ పెంచి చెప్పడం నాకు చేతకావడం లేదు), మామా ఒప్పుకోకముందే ఒక నైటీ ఇస్త్రీ చేసి దాచుకుంది. "మామా నిన్నే అడుగుతాదంటన్నా, మన పక్క మనిషివని. బాగా ఆడతాదని ఒక్క మాట చెప్పు. ఎక్కువ చెప్పాకు."

మామా నన్ను పిలిచేసరికి ఆమె అక్కచెల్లెళ్ళు ముగ్గురు చాయ్ తాగుతున్నారు. మంచి పనిమనిషిని చుట్టాల ముందు పొగిడితే మర్నాడే ఎగరేసుకుపోతారని గల్ఫ్‌లో అడుగుపెట్టిన ప్రతివాడికీ తెలుసు. నాకూ తెలుసు. కానీ నలుగురు చెవులొగ్గి వింటుంటే నా నోరు నా మాట వినదు.

"నిజంగా బాగా ఆడుతుందా?" అంది మామా.

"బాగానా మామా! మా జిల్లాలో ఈమె ఆట చూడ్డానికి బస్సులు ఆగిపోయేవి. రేపు కువైత్ మొత్తం మన గేటు ముందే ఉంటుంది. టీవీలో వేస్తారు!"

"అయితే మా ఇంటికి ఇచ్చెయ్, మా పిల్లలకు నేర్పుతుంది," అంది పెద్దక్క. "ముందు అడగాల్సింది నేను," అంది చిన్నామె.

మామా గ్లాసు కింద పెట్టింది. "ఖలాస్. ఈమె ఎక్కడికీ పోదు. ఇక ఈ ఇంట్లో ఆటే లేదు."

వల నా చేతే విప్పించింది. చెల్లెమ్మ నన్ను తిట్టలేదు. "ఒక్క మాట చెప్పమంటి గదన్నా," అంది, అంతే. ఆ శుక్రవారం ఇస్త్రీ నైటీ వేసుకుని చేపలు కడిగింది.

ఇప్పుడు నేను కువైత్‌లోనే షువైఖ్‌లో ఒక గ్యారేజీ బండి నడుపుతున్నాను. జుట్టు నెరిసింది, జబ్బు తగ్గలేదు. మొన్న రాయచోటి నుంచి చెల్లెమ్మ ఫోన్ చేసింది. "మనవరాలికి బ్యాటు కొనిచ్చినాన్నా. ఆ ఒంటె కత చెప్పు, ఇంటాది." చెప్పాను. ఇద్దరూ పగలబడి నవ్వారు. ఆ తర్వాత ఆమె గొంతు తగ్గించి, "అన్నా, ఫోటో కింద ఇంకో వాక్యం ఉండె గదా, నువ్వు సదవకుండా ఇడిసిపెడితివి. ఆయమ్మ చివరికి ఏమాయె?" అంది.

"అరవై ఏళ్ళ దాకా ఆడిందమ్మా," అన్నాను.

ఒంటె, బస్సులు పెంచి చెప్పినవి. ఆవులంటారా, ఆ కాలంలో ఆవు లేని ఇల్లేది? నేను తెలిసి తెలిసి ఆడిన అబద్ధం ఆ ఒక్క మాటే. రెండో వాక్యంలో ఉన్నది వేరు: మంచి ఆటలో ఉండగానే మానేసింది, ఎందుకో ఎవరికీ తెలియదు అని.

నాకు తెలుసు. ఆ దొరసాని ఇంట్లోనూ నాలాంటి డ్రైవరు ఒకడు ఉండే ఉంటాడు.