రాణిగారి చీర అంచు పట్టుకున్న రోజు

మా ఇంట్లో టూర్ అనే మాట ఎవరూ వాడరు. మొన్న మా చిన్నమ్మాయి బడి నుంచి విహారయాత్ర కాగితం తెచ్చి "బాపూ, సంతకం పెట్టు" అంటే, నా భార్య రజిత వంటింట్లోంచే "మ్యూజియం ఉన్నదేమో సూడు బిడ్డా. ఉంటె మీ బాపును బస్సు కాడికి గూడ రానియ్యకు" అంది. పిల్లకు కారణం తెలియదు. మీకు చెప్తాను. ఒక బస్సు నిండా జనాన్ని, ఒక గైడును, ఎప్పుడో రెండు వందల ఏళ్ల కిందటి రాణిగారిని ఒకే సాయంత్రం ఎలా అవమానించానో దాచకుండా చెప్తాను. కడుపారా నవ్వుకోండి గానీ, మా ఇంటికి వచ్చినప్పుడు మాత్రం ఈ ఊసెత్తకండి.

అప్పుడు నాకు ఇరవై ఆరేళ్లు. సిరిసిల్లలో సాంచ నడిపేవాణ్ణి. పవర్‌లూమ్‌ను మా దగ్గర సాంచ అంటారు. రోజుకు పన్నెండు గంటలు ఆ చప్పుడులో నిలబడేవాడికి చెవులు మొద్దుబారి, వేళ్లకు చూపు వస్తుంది. ఏ గుడ్డ కనిపించినా నా చెయ్యి ఆగేది కాదు. అంచును బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య పెట్టి నలిపి, నూలా కాదా, చిక్కగా నేసిందా పలచగా నేసిందా, నేసినవాడు నిద్రపోతూ నేశాడా, అన్నీ చెప్పేసేవాణ్ణి. అడగకపోయినా చెప్పేవాణ్ణి. బస్సులో ముందు సీటాయన చొక్కా కాలరు నలిపి తిట్లు తిన్నాను. డాక్టరు నాడి చూస్తుంటే నేను ఆయన తెల్లకోటు చూశాను.

అంతెందుకు, నా పెళ్లిలో ఏం జరిగిందో వినండి. ముహూర్తానికి ముందు మా ఇద్దరి మధ్య అడ్డుతెర పట్టుకున్నారు. అవతల పెళ్లికూతురు ఉంది. ఏ పెళ్లికొడుకైనా తెర ఎప్పుడు దించుతారా అని చూస్తాడు. నేను తెర అంచు పట్టుకుని నలిపి, పక్కనున్న మా బావతో "పోగు పలచగున్నది బావా, రెండు ఉతుకులకే పోతది" అన్నాను. ఆ మాట తెర అవతలికి స్పష్టంగా వినిపించింది. తెర తెచ్చింది మా మామగారు.

రజితది జమ్మికుంట. వాళ్ల తాత చేతిమగ్గం మీద చీరలు నేసినవాడు. నేను సాంచ గొప్ప చెప్పినప్పుడల్లా ఆమె మూతి విరిచేది.

"మా తాత చెప్పేటోడు, హైదరాబాదుల ఏదో మ్యూజియంల రాణి పూజ చీర ఉన్నదట. తెల్లటి నూలు చీర. మడత పెడితే గుప్పిట్ల పడ్తదట. తాత దాన్ని సూద్దామనే పోయిండు. సూడలేదు."

"ఎందుకు సూడలే?"

"ఆయన పోయిన్నాడు మ్యూజియం బందున్నది. మల్ల పోదామనుకుంటనే పాణం పోయింది. నాకు నగలద్దు, నట్రద్దు. గా చీర ఒక్కసారి సూపియ్యి. చాలు."

పెళ్లయిన మూడు నెలల్లో ఆమె నన్ను అడిగింది అదొక్కటే. నేను ఛాతీ విరుచుకుని, కరీంనగర్ నుంచి హైదరాబాదుకు తీసుకెళ్లి ఆ మ్యూజియం కూడా చూపించి మళ్లీ రాత్రికి దింపే ఒకరోజు టూరు బస్సులో రెండు సీట్లు రాయించాను. సాంచ షెడ్డులో ఆ ఒక్కరోజు సెలవు కోసం మా ఆసామిని, అంటే షెడ్డు యజమానిని, వారం రోజులు బతిమాలాను. మా ఆసామికి పనివాళ్ల మీద నమ్మకం తక్కువ. ఎవరి తప్పు ఎవరిదో తేలాలని ఒక్కో సాంచకు గుడ్డ కుడి అంచులో ఒక్కో రంగు పోగులు పెట్టించేవాడు. నావి రెండు ఎర్రపోగులు, మధ్యలో ఒక నీలం పోగు. నేను దాన్ని నా సంతకం అని చెప్పుకుని తిరిగేవాణ్ణి.

పొద్దున ఐదింటికి బస్సు కదిలింది. మా పక్క సీట్లలో బొగ్గుగనిలో పనిచేసి రిటైరైన ఓదెలు మామ, ఆయన భార్య. గోదావరిఖని నుంచి వచ్చారు. బస్సు సిద్దిపేట చేరేలోపే ఆయన నన్ను అల్లుణ్ణి చేసుకున్నాడు. నేను ఆయన పంచె నాణ్యత చెప్పాను, కిటికీ తెర నాణ్యత చెప్పాను, గైడు చేతిలోని పసుపు జెండా కూడా అడిగి తీసుకుని నలిపాను.

"ఏం చదివినవ్ అల్లుడా?" అన్నాడు ఓదెలు మామ.

"పది తప్పిన మామా."

"తప్పితె ఏమాయె! గుడ్డల డాక్టర్వి నువ్వు."

ఆ పొగడ్తే నన్ను ముంచింది. గోల్కొండలో గైడు దర్వాజా కింద చప్పట్లు కొట్టి "పైన కోట కొస దాక ఇనవడ్తది" అంటే అందరూ చెవులు రిక్కించారు. నేను మాత్రం పక్కనున్న వాళ్లకు గైడు చొక్కా మిల్లు గుడ్డ అని చెప్తున్నాను. చార్మినార్ దగ్గర అందరూ పైకి చూశారు. నేను దుకాణాల ముందు వేలాడే దుపట్టాలు చూశాను. గైడు సన్నటి మనిషి, మెడలో ఈల. నన్ను నాలుగుసార్లు ఈల ఊది పిలవాల్సి వచ్చింది.

"సార్, మ్యూజియం ఐదింటికి బంద్ అయితది. జర జల్దీ నడువుండ్రి" అన్నాడు ప్రతిసారీ.

పొద్దటి నుంచి రజిత కళ్లు ఆ చివరి మజిలీ మీదే ఉన్నాయి. కట్టుకున్నది కూడా వాళ్ల తాత నేసిన చీరే.

పాతబస్తీ అవతల ఒక పాత దేవిడీలో, అంటే నవాబుల కాలపు భవంతిలో, ఉంది ఆ చిన్న మ్యూజియం. మేం చేరేసరికి నాలుగున్నర. చీర ఉన్న గది బయట గైడు అందర్నీ ఆపాడు.

"సునోండి సార్, లోపల రాణి చీర ఉన్నది. దానికి ఎలుతురు తగలొద్దు. గందుకోసమని..."

ఆయన అక్కడికి వచ్చేసరికి నేను ఓదెలు మామతో చేతిమగ్గానికీ సాంచకూ తేడా చెప్పడం మొదలుపెట్టాను. నా గొంతు చిన్నది కాదు. సాంచల మధ్య పెరిగిన గొంతు. గైడు చెప్పిన మిగతా ముక్క దాని కింద నలిగిపోయింది. ఆయన కాపలా ఆమెను పిలవడానికి బయటికి వెళ్లగానే నేను రజితతో "నువ్వు ఆగు, ముందుకు పోయి జాగ పడ్త" అని గదిలోకి దూరాను. నా వెనక ఓదెలు మామ, ఆయన వెనక బస్సు మొత్తం. రజిత గుమ్మం దగ్గరే ఇరుక్కుపోయింది.

గది మసకగా ఉంది. ఎదురుగా గోడకు పెద్ద చెక్క చట్రం. పక్కన బోర్డు మీద 'రాణిగారి పూజ చీర, చేతి నేత, నూలు' అని రాసి ఉంది. చట్రం మీద తెల్లటి గుడ్డ వేలాడుతోంది. అద్దం కూడా అడ్డం లేదు! నా వేళ్లు ఎంత సంబరపడ్డాయో చెప్పలేను. ఎడమ అంచు పట్టుకుని నలిపాను.

నలిపి, బిత్తరపోయాను.

"మామా! గిది చేతినేత కాదు!"

"అంటే?"

"సాంచ మీది. సగం నూలే లేదు. రాణి కాలంల సాంచలు యాడియి?"

ఓదెలు మామ వెనక్కి తిరిగి, గనిలో ప్రమాదం జరిగినప్పుడు అరిచినట్టు అరిచాడు. "ఇనుండ్రి! రాణి చీర నకిలీదట! మా అల్లుడు పట్టిండు!"

గది గొల్లుమంది. గుమ్మం దగ్గర నుంచి రజిత గొంతు వినిపించింది. "ఏమయ్యా, జర నా మాటిను! గాయిన చెప్పింది నేనిన్న..."

"నువ్వు ఆగు రజితా! మోసం జరుగుతున్నదీడ!"

జనం నా చుట్టూ చేరారు. అంతమంది నా మాట వినడం జీవితంలో అదే మొదటిసారి. ఆగుతానా? సెల్‌ఫోన్ లైటు వేసి గుడ్డకు దగ్గరగా పెట్టాను.

"ఇగో, గీడ సూడుండ్రి. అంచు నుంచి నాలుగు వేళ్ల దూరంల సన్నని గీత పై నుంచి కింద దాక పోయింది. సాంచల పోగులు పట్టె దువ్వెన పల్లు వంగితె గిట్లయితది. నేసెటోనికి కండ్లుంటె ఆపి బాగు జేసుకుంటడు. గీడు సాంచ నడుస్తుంటె చాయ తాగ పోయిండు. గిసొంటోన్ని పనిలకెళ్లి తీసెయ్యాలె. నేతోళ్ల ఇజ్జత్ తీస్తున్నడు!"

"తీసెయ్యాలె!" అన్నాడు ఓదెలు మామ.

"తీసెయ్యాలె!" అంది బస్సు.

ఈల ఊదుకుంటూ గైడు వచ్చాడు. జనం వెనకే ఆగిపోయి, మునివేళ్ల మీద నిలబడి అరిచాడు.

"ఏమైంది సార్? క్యా పరేషాన్?"

"రాణి చీర సాంచ మీద నేసిందే!"

"తౌబా! రెండు వందల ఏండ్ల చీర సార్ అది. పెద్ద పెద్దోళ్లు వచ్చి సూసి పోయిండ్రు!"

"వాళ్లు కండ్లతోని సూసిండ్రు. నేను ఏళ్లతోని సూసిన!"

"ఏళ్లతోనా? మీరు చీరను ముట్టుకున్నరా? ఎట్ల ముట్టుకుంటరు సార్? అద్దం ఉన్నది గదా!"

"అద్దం లేదు!"

"ఉన్నది!"

"లేదు! మామా, అద్దం ఉన్నదా?"

"నాకు కనవడ్తలేదు" అన్నాడు ఓదెలు మామ. ఆయన కళ్లద్దాలు బస్సులోనే మరిచిపోయాడు.

అద్దం పోయిందనగానే గైడు మొహం పాలిపోయింది. దొంగలు పడ్డారనుకుని కాపలా ఆమెను కేకేశాడు. ఆమె లావుపాటి తాళాల గుత్తితో పరుగెత్తుకొచ్చింది. ఇద్దరూ జనాన్ని తోసుకుని నా దగ్గరికి రావడానికి ఇంకో ఐదు నిమిషాలు పట్టింది. ఎందుకంటే ఎవరూ జరగలేదు. మోసగాళ్లకు దారి ఇవ్వొద్దని నేనే చెప్పాను.

చివరికి గైడు నా ముందుకొచ్చి, నా చేతిలో ఉన్నదాన్ని చూశాడు. ఈల నోట్లోంచి జారిపోయింది.

"సార్" అన్నాడు చాలా మెల్లగా. "గిది పరదా."

గైడు ఆ అంచును నా వేళ్లలోంచి విడిపించాడు.

"చీరకు ఎలుతురు తగలొద్దని మీద పరదా కడ్తరు సార్. నేను బయట చెప్పిన. ఈ అమ్మ వచ్చి ఐదు నిమిషాలు పరదా తీస్తది, చీర అద్దంల ఉంటది, దాని వెనక ఉంటది సార్, వెనక!"

అప్పుడే గంట కొట్టారు. ఐదు. మ్యూజియం మొత్తానికి ఒకటే స్విచ్చట. గదిలో దీపం ఆరిపోయింది.

కాపలా ఆమె జాలి పడి పరదా ఒక పక్కకు లాగింది. లోపల చీకటి. నా ఫోన్ లైటు ఇంకా వెలుగుతోంది గనక అద్దంలో నా మొహం మాత్రం బ్రహ్మాండంగా కనిపించింది. "లైటు బంద్ చేయుండ్రి, చీరకు పడొద్దు" అని ఆమె అరిచింది. ఆ మొహం కూడా పోయింది.

జనం ఒక్కొక్కరే బయటికి నడిచారు. ఓదెలు మామ నా భుజం మీది నుంచి చెయ్యి తీసేసి, "నేను మొదటి నుంచి అనుకుంటనే ఉన్న, గిది పరదా లెక్కుందని" అన్నాడు. అల్లుడా అనలేదు.

అప్పుడు రజిత లోపలికి వచ్చింది. నన్ను చూడలేదు. పరదా కుడివైపు, గోడ వైపుకు మడత పడి ఉన్న అంచును మెల్లగా బయటికి తిప్పి, గుమ్మం నుంచి వస్తున్న కాస్త వెలుతురులో పెట్టింది.

రెండు ఎర్రపోగులు. మధ్యలో ఒక నీలం పోగు.

"గీన్ని పనిలకెళ్లి తీసెయ్యాలె అన్నవు గదా?" అంది.

అప్పటికి నా సాంచ దువ్వెనలో పల్లు వంగి ఆర్నెల్లయింది. గుడ్డ మీద గీత పడుతోందని ఆసామి అరిస్తే "ఎవడు సూస్తడు సేటూ" అన్నది నేనే. ఆ గుడ్డ ఎన్ని చేతులు మారి ఆ గోడ ఎక్కిందో నాకు తెలియదు. దాన్ని దొరకబట్టడానికి ప్రపంచంలో నాకంటే తగినవాడు లేడని మాత్రం ఒప్పుకోవాలి.

తిరుగు ప్రయాణంలో బస్సులో నాతో మాట్లాడింది కండక్టరు ఒక్కడే, అదీ కాళ్లు లోపల పెట్టుకోమని. రజిత కిటికీ వైపు తిరిగి కూర్చుంది. కోప్పడితే బాగుండేది. ఆమె కోప్పడలేదు. తాత నేసిన చీర కొంగు వేళ్లకు చుట్టుకుంటూ కూర్చుంది. ఆయన కూడా ఆ గుమ్మం దాకా వెళ్లి చూడకుండానే వచ్చాడన్న మాట అప్పుడు గుర్తొచ్చింది. నాకు నిజంగా సిగ్గేసింది. తలుపులు మూసి ఉండటం ఆయన తప్పు కాదు. తెరిచి ఉన్న తలుపుకు అడ్డం నిలబడ్డది నేను.

సిద్దిపేట దాటాక ఆమె నోరు విప్పింది.

"పెండ్లిల గూడ గంతే జేసినవు. తెర సూసినవు. తెర అవతల నేనున్న."

ఆమె కొంగు మీదికి పోతున్న నా చేతిని వెనక్కి లాక్కున్నాను.

నెల తిరిగేలోపు మళ్లీ వెళ్లాం. ఈసారి టూరు లేదు, గైడు లేడు, మామూలు బస్సు. గదిలోకి వెళ్లే ముందు రజిత తన సంచి, చెప్పుల కవరు, నీళ్ల సీసా, కొబ్బరికాయ అన్నీ నా రెండు చేతుల్లో పెట్టింది. మ్యూజియంలో కొబ్బరికాయ ఎందుకని అడిగితే, "చేతులు ఖాళీగుండొద్దు" అంది. కాపలా ఆమె నన్ను గుర్తుపట్టింది. పరదా పక్కన కొత్తగా పెట్టిన చిన్న బోర్డు చూపించింది. 'పరదాను ముట్టరాదు.'

"ఇన్నేండ్లల్ల ఎవ్వరు ముట్టలే. మీరొచ్చి పోయినంక పెట్టినం" అంది.

పరదా తీసింది. అద్దం వెనక ఆ చీర. నేను కొబ్బరికాయను గట్టిగా పట్టుకుని నిలబడ్డాను. తప్పు పట్టడానికి నాకు ఒక్క పోగు కూడా దొరకలేదు. రజిత ఐదు నిమిషాలూ రెప్ప వేయకుండా చూసింది. కళ్లు తుడుచుకుని, "తాత చెప్పింది నిజమే" అంది. పరదా మళ్లీ వేశాక నా వైపు తిరిగింది. ఆ రోజు తర్వాత ఆ ముఖంలో నవ్వు చూడటం అదే మొదటిసారి.

"ఫికర్ చెయ్యకు. నీ గుడ్డ గూడ మ్యూజియం కెక్కింది. రాణి చీరకు లేని 'ముట్టరాదు' బోర్డు నీ గుడ్డకున్నది."

కాబట్టి మా నేతవాళ్లు కొలిచే మార్కండేయుడి మీద, నా సాంచ మీద, దాని కొత్త పల్లు మీద ఒట్టేసి చెప్తున్నాను. ఇక ఈ జన్మలో, ముందుకు పిలిచి చేతిలో పెడితే తప్ప, ఎవరి గుడ్డ అంచూ పట్టుకోను. తెర కనిపిస్తే ముందు అవతల ఎవరున్నారో అడుగుతాను. ఈ మాటలు రాస్తూ ఎదురుగా రజితను కూర్చోబెట్టి చదివి వినిపించాను. అంతా విని ఆమె ఒక్కటే అంది.

"మంచిగనే రాసినవు. ఇగ నా కొంగు ఇడువు."