గాలికి చుక్కాని కట్టిన పొడంపేట

బరంపురం బస్టాండులో శనివారం పొద్దున్న ఆరూ నలభైకి గంజాం బస్సెక్కాను. టికెట్టు నలభై ఐదు. ఇడ్లీ, శనగల ఘుగుని పొట్లం ఒళ్ళో పెట్టుకుని కిటికీ పక్కన కూర్చున్నాను. ఇరవై రెండేళ్ళుగా పిల్లలకి సైన్సు చెబుతున్న నన్ను ఒక మరమ్మతుకు పిలవడం ఇదే మొదటిసారి. గర్వంగానే ఉంది, దాచడమెందుకు?

పిలిచినవాడు అప్పన్న. ఒకప్పుడు నా దగ్గర తొమ్మిదో తరగతి దాకా చదివి తండ్రి పడవ ఎక్కేశాడు. పొడంపేటలో పడవలు ఒడ్డుకు చేరే చోట సొంతంగా పొడవాటి గెడ మీద గాలిమర నిలబెట్టాడు. పడవలవాళ్ళకు గుర్తులుగా ఉండే పాత ఇళ్ళను సముద్రం కోసుకుపోయింది. కరెంటు లేని రోజున తిరిగొచ్చే పడవలకు ఒడ్డున దీపమొకటి కావాలి. "దిదీ, ఫేను తిరగట్లేదు. సాయంత్రానికి దీపం ఎలగకపోతే, పడవలకి అడ్డమని గెడ పీకీమంటన్నారు పెద్దోలు" అన్నాడు ఫోనులో. మా వైపు పంతులమ్మని దిదీ అనే పిలుస్తారు.

ఎనిమిదింపావుకి గంజాంలో దిగి ఆటో పట్టాను. ఖాళీ చేపల బుట్టతో ఒకామె పక్కన కూర్చుంది. "ఏటమ్మా, సంచీల గలగలమంటంది?" అంది. రెంచి, మీటరు అని చెప్పాను. "అయితే మా ఫేను కోసమే! నాను అప్పన్న పెళ్ళాన్ని, నూకాలమ్మని" అని నవ్వింది.

పొడంపేట చేరి అప్పన్న పనితనం చూసి నోరెళ్ళబెట్టాను. పీవీసీ పైపు చీల్చి మూడు రెక్కలు చేశాడు. వాటిని పాత బ్యాటరీ స్కూటరు చక్రానికి బిగించాడు. గాలి రెక్కల్ని తోస్తే చక్రం తిరుగుతుంది. అందులోని అయస్కాంతాలు రాగితీగల చుట్టల పక్కనుంచి పరుగెత్తితే తీగల్లో కరెంటు పుడుతుంది. అది బ్యాటరీలో చేరి దీపాన్ని వెలిగిస్తుంది. తుఫానొస్తే తెరచాప కర్రలా గెడను పడుకోబెట్టే ఏర్పాటు కూడా ఉంది. చక్రాన్ని చేత్తో తిప్పితే మీటరు ముల్లు లేచింది. యంత్రంలో లోపం లేదు.

మరి రెక్కలెందుకు కదలవు? గాలికి నా కొంగే నిలవడం లేదు. తీగలు చూశాను, బోల్టులు చూశాను, పన్నెండయింది. పరువు పోయేలా ఉంది. వాళ్ళు పెట్టిన చేపల పులుసూ రుచించలేదు. "సాయంత్రం దాకానే" అన్నాడు వల అల్లుతున్న ఊరిపెద్ద.

నూకాలమ్మ కంచాలు తీస్తూ గెడ వైపు చూసింది. "దాని మొకం సముద్రం ఏపు కట్టీసినారేటి? గాలి దచ్చినం నుండి గదా కొడతంది!"

"అన్నీ సముద్రం ఏపే గదే ఎట్టుకుంటాం" అన్నాడు అప్పన్న. ఆ ఊళ్ళో పడవ ముక్కైనా, అమ్మవారి గుడి గుమ్మమైనా అటే. అలవాటు కొద్దీ గాలిమరనూ అటే తిప్పి తాడుతో బిగించేశాడు. పొద్దుటినుంచి దాని ముందే నిలబడ్డ నాకూ తట్టలేదు.

తాడు విప్పితే రెక్కల తల ఎటూ నిలవకుండా ఊగిపోయింది. "పడవకైతే సుక్కాని ఎట్టమా?" అంది నూకాలమ్మ. గెడ పడుకోబెట్టి, విరిగిన పడవ చుక్కాని పలకను రెక్కల వెనక తోకలా బిగించి మళ్ళీ లేపాం. గాలి ఆ పలకను వెనక్కి నెట్టింది. రెక్కలు తమంతట తామే దక్షిణానికి తిరిగి, మెల్లగా కదిలి, కాసేపటికి గిర్రున తిరగసాగాయి. ఐదున్నరకి దీపం వెలిగింది.

ఊరిపెద్ద వల పక్కన పెట్టి లేచొచ్చాడు. "ఉండనీరా" అన్నాడు. అప్పన్న కళ్ళు తుడుచుకున్నాడు. నేనూ తుడుచుకున్నాను.

చూడాలనుకునేవారు మధ్యాహ్నం గాలికి వెళ్ళండి. తిరుగు ఆటో ఆరుంపావుకే, ఆ తర్వాత దొరకదు. ఏడింటి బస్సులో చోటు దొరికాక తీరిగ్గా ఆలోచించుకున్నాను. అప్పన్నను చూస్తే గర్వంగా ఉంది, నూకాలమ్మను చూస్తే ఇంకా ఎక్కువ. ఇన్నేళ్ళూ బోర్డు మీద గాలిమర గీసి రెక్క, అయస్కాంతం, తీగ అని పేర్లు రాయించాను. నా బొమ్మలో గాలి ఎప్పుడూ ఎడమ పక్కనుంచే వీచేది. సోమవారం ఆ బొమ్మకి తోక గీస్తాను. పేరేమిటని పిల్లలడిగితే, చుక్కాని అని రాయిస్తాను.