ఆయన మెచ్చిన రాగం

మొన్న ఫోన్‌లో ఓ పాత కువైట్ సినిమా సంగీతం వినిపించి, ‘ఎంత కొత్త ఆలోచన!’ అని ఎవరో పొగుడుతుంటే నాకు ఒళ్లు మండింది.

ఎనభైల్లో కువైట్‌లో ఆ సంగీత దర్శకుడి ఇంట్లోనే అమ్మ పనిచేసేది. మేం వెనకగదిలో ఉండేవాళ్లం. కడపలో అమ్మమ్మ పోయిందని కబురొచ్చిన రోజు అమ్మ వంటింట్లో కూలబడి, రాగం తీసి ఏడ్చింది. ఆయన టేప్‌రికార్డర్ తెచ్చి ముందు పెట్టాడు. అమ్మ ఆగితే “యల్లా, యల్లా” అని కానివ్వమన్నాడు. చిన్నతనం, అది పాటేననుకుని నేనూ మురిసిపోయాను.

ఆ సినిమా టీవీలో వచ్చినప్పుడు మమ్మల్నీ పిలిచాడు. ఎవడో కొత్త కారులో షికారు పోతుంటే, వెనక అమ్మ ఏడుపు. ఆయన గర్వంగా అమ్మవైపు చూశాడు.

“మాయమ్మ సచ్చిపోయి నేనేడిస్తే, దాన్ని కారు షికారుకు పెట్టుకుంటివా? నీ నోట్లో మన్నుబడ!” అంది అమ్మ, కళ్లు తుడుచుకుంటూ.

ఆయనకు తెలుగు రాదు. మెచ్చుకుందనుకుని, కృతజ్ఞతగా తల వంచి “షుక్రన్” అన్నాడు.